చంద్రలేఖగారి నాట్యము – మన ఆడపడుచులు
(సంఘ వార్షిక సభలో చేసిన ఉపన్యాసము)



మేము బట్టల వ్యాపారులము. నాట్యశాస్త్రము చదివినవారము కాము. అయినను చంద్రలేఖగారిని గూర్చి నాలుగు మాటలు చెప్పదలచితిమి. ఏలయన, ఆమె కళాజీవితమున తొలి కలవరము ఒక తెలుగు పాటవద్ద, తెలుగుసీమ కరవు మూలముగా కలిగినది.

ఆమె 1928లో మహారాష్ట్రమునందలి వాడాలో జన్మించిరి. కాంచీపురం ఎల్లప్ప పిళ్ళగారివద్ద భరతనాట్యము నేర్చిరి. 1952లో ఆమె అరంగేట్రము రాయలసీమ క్షామనివారణ నిధికొరకు జరిగెను. ఆనాడు "మధురా నగరిలో" అను మన పాటను అభినయించుచు, యమునను, చెలుల జలక్రీడను, నీటి సమృద్ధిని చేతులతో, కన్నులతో చూపుచుండిరి. అంతలో పత్రికలలో చూచిన బొమ్మలు తటాలున జ్ఞప్తికి వచ్చినవట. బీటలు వారిన నేల. చిన్న డబ్బాలు చేతబట్టి నీటికై బారులు తీరిన జనము. ఎవరికొరకు ఆ ఆటయో వారికి గుక్కెడు నీరు లేదు. వేదికపైన మాత్రము ఏరు పారుచున్నది! ఆ క్షణమున తాము రెండుగా చీలినట్లయినదని ఆమెయే పిమ్మట చెప్పుకొనిరి. ఆ పాటకు మనమును ఎన్నిమార్లో చప్పట్లు కొట్టితిమి. మనకెవరికిని అట్టి తలపు రాలేదు.

1985లో "అంగిక" అను నాట్యమున ఆమె భరతనాట్యమును, కళరిపయట్టును, యోగమును ఒకచోట చేర్చిరి. అందు నాయకునికై ఎదురుచూచు నాయిక లేదు. నగల తళుకు లేదు. శరీరమే విషయము. తరువాతి "శ్రీ" యందు స్త్రీలు నడుములు వంగి, వెన్ను విరిగినవారివలె రంగముపై నడతురు. తుదకు పలు చేతుల శక్తిరూపము నిలుచును. 2001లో, డెబ్బదియేండ్లు దాటిన పిమ్మట, "శరీర" కూర్చిరి. సంప్రదాయజ్ఞులు కొందరు ఆమె పద్ధతిని ఆక్షేపించిరి. ఆమె భంగిమలన్నియు మాకును సమ్మతములని చెప్పము. కాని ఆ వంగిన నడుములు ఎవరివో మనకు తెలియదా?

మన యిండ్లలో ఆడపిల్లకు ఎనిమిదేండ్లు నాట్యము చెప్పింతుము. పెండ్లికి చేసినంత ఖర్చుతో అరంగేట్రము చేయింతుము. మరుసటి యేడు పెండ్లిచూపులు! వేదికపై నిటారుగా నిలిచిన పిల్లను "తల వంచుకొని కూర్చుండు" మందుము. గజ్జెలు అటకెక్కును. మా అంగడిలోను చూచుచున్నాము: చీర తమకు నప్పునా అని పక్కవారి నడుగు స్త్రీలే గాని, దానిని కట్టుకొని పని చేసికొన వీలగునా అని అడుగువారు అరుదు.

కావున ఈ యేడు అరంగేట్రములకు సంఘనిధినుండి ఇచ్చు శాలువలు, జ్ఞాపికలు మానవలెనని మా ప్రతిపాదన. ఆ సొమ్ముతో ఒక ఉపాధ్యాయినిని నియమింతము. పెండ్లియైన ఆడపడుచులు, కోడండ్రు మరల అభ్యసించుటకు మందిరపు మేడగదిని ఆదివారము ఉదయము విడిచిపెట్టుదము. ఇంట అభ్యంతరము చెప్పువారుండినచో వారిని మావద్దకు పంపుడు. పేరు వ్రాయించుకొనుటకు భర్తగారి చేవ్రాలు అక్కరలేదు. గది తాళపుచెవి మా అంగడిలో ఉండును.