అరుంధతి బంగళా: బయట మనది, లోపల ఎవరిది?

నంద్యాల, ఆళ్లగడ్డ నుంచి యాగంటికి పోయేటప్పుడు చాలామంది బనగానపల్లె దగ్గర బండి ఆపి ఒక రీల్ తీసుకుంటారు కదా, అరుంధతి కోట ముందర? అది నిజానికి బనగానపల్లె నవాబుల బంగళా. 2009లో సినిమా వచ్చినాక ఆ పేరే పోయింది! అక్కడికి పోయినోళ్లు అడిగేది ఒకటే: "సినిమాలో చూసిన ఆ పెద్ద హాలు ఏదబ్బా?"

అక్కడ లేదు. లోపల మనం చూసింది చాలావరకు ఆర్ట్ డైరెక్టర్ అశోక్ కుమార్ వేయించిన సెట్. మరి మనకెందుకు తెలియలేదు? ఎందుకంటే ఎడిటర్ మార్తాండ్ కె. వెంకటేష్ తెలియనివ్వలేదు.

ఇట్లాంటి సినిమాల్లో గుమ్మం వైపు నడిచే షాట్ ఒక ఊళ్లో తీస్తారు. లోపల అడుగుపెట్టే షాట్ ఇంకెక్కడో, ఎన్నో రోజుల తర్వాత. ఏ ఫ్రేము దగ్గర కలపాలో ఎడిటర్ తేల్చాలి. కాలు లేచిన తీరు, వెలుతురు, చప్పుడు, ఏది తేడా కొట్టినా దొరికిపోతాం. అయితే తలుపు రంగే కలవకపోతే ఎడిటర్ మాత్రం ఏం చేస్తాడు? 2008 నంది అవార్డుల్లో ఈ సినిమాకి ఇద్దరికీ వచ్చాయి. న్యాయమే.

అశోక్ కుమార్ అంతకుముందే 2003లో 'ఒక్కడు' చేశారు. అందులో కర్నూలు కొండారెడ్డి బురుజు అసలుదే, చార్మినార్ మాత్రం హైదరాబాద్ శివార్లలో వేసిన సెట్. ఎడిటర్ ఎ. శ్రీకర్ ప్రసాద్.

ఇక్కడ ఒక మాట చెప్పాలి. మార్తాండ్ నాన్న ఎడిటర్, శ్రీకర్ ప్రసాద్ నాన్న సంజీవి కూడా ఎడిటరే. వాళ్లకి దారి ఇంట్లోనే కనపడింది. మన దగ్గర "ఎడిటర్ అవుతా" అంటే "ఏ పేపర్లో?" అంటారు! ఆళ్లగడ్డలో శిల్పాలు చెక్కే ఇళ్లల్లో పిల్లలకి కొలత, నిష్పత్తి చిన్నప్పుడే చేతికొస్తాయి. సెట్ వేసేవాళ్లకి కావాల్సింది అదే. కానీ ఇది కూడా ఒక ఉద్యోగమని వాళ్లకి చెప్పేవాళ్లేరీ? పుణె ఫిల్మ్ ఇన్‌స్టిట్యూట్‌లో ఎడిటింగ్‌కి, ఆర్ట్ డైరెక్షన్‌కి వేరువేరు కోర్సులున్నాయి, డిగ్రీ అయినోళ్లు ఏ కోర్సుకి ఏ అర్హత కావాలో చూసుకుని ప్రయత్నించొచ్చు.

ఈసారి బనగానపల్లె పోతే ఒకటి చేయండి. బయటి షాట్ బంగళా ముందర తీయండి, లోపలిది మీ ఇంట్లో. గుమ్మం దగ్గర కట్ చేసి, మీ అమ్మకి చూపించండి. ఆమె పట్టేసిందంటే మళ్లీ తీయండి.