ఆటపెట్టెయు దాని గాదెయు



నేను విజయవాడలో, కృష్ణ యొడ్డుననున్న భవానీపురములో కాపురముండువాడను. మా వీథిలో సగము కుటుంబములు పిల్లల చదువులకై దివిసీమనుండియు, గుడివాడ ప్రాంతమునుండియు వచ్చి స్థిరపడినవే. పండుగలకు వారి పెద్దలు వచ్చుచుందురు. సాయంకాలము మా యరుగుమీద చేరినపుడు వారు నన్నడుగు సంగతులు వెనుక మూడే: వడ్ల ధర, కాలువ నీరు, పింఛను కాగితములు. ఇప్పుడు వానితో మఱియొకటి చేరినది.

“మావాడు అయిదు వేలు పోసి ఒక ఆట కొన్నాడండీ. పళ్లెం పెట్టెలో పెట్టి గంట దాటింది. ఆట మొదలవలేదు. ఇంతలో చోటు చాలదని రాసి చూపించింది. అంగడివాడు గాని మోసం చేశాడా?”

అంగడివాడు మోసము చేయలేదు. పిల్లవాడును అబద్ధమాడలేదు. ఆ గంటసేపు పెట్టెలో ఏమి జరుగుచున్నదో, చోటు చాలదనుటకు అర్థమేమో, చోటుకొఱకు దేనిని తీసివేయవచ్చునో, దేనిని తీసివేయరాదో నేడు మనవి చేసెదను. ఈ కడపటి మాటకొఱకే నేనీ ప్రసంగమునకు పూనుకొంటిని.

టెలివిజనుకు తగిలించి ఆడుకొను ఈ యంత్రమును పిల్లలు గేమ్ కన్సోలు అందురు. మనము ఆటపెట్టె యందము. నేడు ఇండ్లలో తఱచుగా కనబడునవి సోనీవారి ప్లేస్టేషన్, మైక్రోసాఫ్ట్‌వారి ఎక్స్‌బాక్స్, నింటెండోవారి స్విచ్ అనునవి. వీని పూర్వుల సంగతి కొంచెము తెలిసిననే గాని ఇప్పటి చిక్కు బోధపడదు.

జపానులో నింటెండో కంపెనీవారు 1983లో ఫ్యామిలీ కంప్యూటర్ అను పెట్టెను విడుదల చేసిరి. దాని నకళ్లు 1990 తరువాత మన పట్టణములలోను విరివిగా అమ్ముడుపోయెను. మీ కుమారులు చిన్ననాట వానితో ఆడియేయుందురు. అప్పుడు ఆట యొక క్యాసెట్టులో నుండెడిది. క్యాసెట్టును పెట్టె నెత్తిమీద గ్రుచ్చి మీట నొక్కిన తక్షణమే ఆట. పెట్టెలో దాచవలసినదేమియు లేదు. 1985లో వచ్చిన సూపర్ మారియో బ్రదర్స్ అను ప్రసిద్ధమైన ఆట మొత్తము 40 కిలోబైట్లు మాత్రమే. బైటు అనునది కంప్యూటరు కొలతలలో మన గిద్దెవంటిదనుకొనుడు. తెలుగులో క అను ఒక్క అక్షరమును వ్రాసి దాచుటకు సామాన్యముగా మూడు బైట్లు పట్టును. కావున ఆ ఆట యంతయు మన లిపిలో పదుమూడు వేల పైచిలుకు అక్షరముల చోటులో ఇమిడినదన్నమాట. ఒక చిన్న కథ పట్టు చోటది. ఎంత పొదుపరులో ఆ పనివారు!

తరువాత 1994లో పళ్లెముతో ఆడు ప్లేస్టేషన్, 2000లో దాని రెండవ రకము వచ్చెను. ఆ రెండవ రకమునకై మన హైదరాబాదులోనే అరోనా టెక్నాలజీస్‌వారు బాలహనుమంతుని కథతో ఒక ఆటను తయారు చేయగా, అది 2009లో విడుదలయ్యెను. అదియు పళ్లెములోనే యుండెడిది. పళ్లెము పెట్టి ఆడుకొనుటయే. ఆడినంత మేర గుర్తుంచుకొనుటకు మాత్రము అగ్గిపెట్టెకన్న పలుచని చీటివంటి బిళ్ల యొకటి వేఱుగా కొనవలసి వచ్చెడిది. దానిలో పట్టునది 8 మెగాబైట్లు. ఈ బిళ్లను జ్ఞాపకముంచుకొనుడు. మరల దీని ప్రసక్తి వచ్చును.

ఇక నేటి పెట్టె. 2013లో వచ్చిన ప్లేస్టేషన్ 4 నుండియు పళ్లెమును పెట్టినంతమాత్రమున ఆట ఆడదు. పళ్లెములోని సరుకును పెట్టె తన కడుపులోనికి దింపుకొనవలెను. దీనినే ఇన్‌స్టాల్ చేయుట యందురు. ఎందులకీ శ్రమ? పెండ్లివంట తలచుకొనుడు. వేయిమందికి వండు వంటవాడు ఉప్పునకొకసారి, చింతపండునకొకసారి బజారునకు పరుగెత్తునా? ముందునాడే సామానంతయు పందిటిలో చేతికందునట్లు అమర్చుకొనును. ప్లేస్టేషన్ 4లో పళ్లెమునుండి సెకనుకు సుమారు 27 మెగాబైట్లు మాత్రమే చదువుటకు వీలుండెను. 2020 నవంబరులో విదేశములలోను, 2021 ఫిబ్రవరి 2న మన దేశములోను విడుదలయిన ప్లేస్టేషన్ 5, తన లోపలి కొట్టునుండి సెకనుకు 5,500 మెగాబైట్లు తీసికొనగలదు. అనగా రెండువందల రెట్లు. బజారునకును పందిటికిని అంత దూరము. తెరమీద గుఱ్ఱము పరుగెత్తుచుండగా ముందున్న అడవిని, కొండను క్షణములో తెచ్చి చూపవలెనన్న సరుకు పందిటిలోనే యుండవలెను.

సరుకంతయు లోపలికి చేరిన పిమ్మట పళ్లెముతో పనియేమి యని మీరడుగవచ్చును. ఆడునపుడెల్ల దానిని పెట్టెలో ఉంచియే తీరవలెను. అప్పుడది సరుకు కాదు, దస్తావేజు. ఈ ఆట నాదని చూపు రుజువు. కొన్ని పెట్టెలకు పళ్లెము పెట్టు నోరే యుండదు. వానిలో ఆట యంతయు ఇంటర్నెట్టు తీగమీదనే దిగవలెను.

ఆ దిగుటకు పట్టు కాలమును లెక్కకట్టి చూపెదను. ఏలయన, ఇండ్లలో సగము తగవులు ఇక్కడనే పుట్టుచున్నవి. నేటి పెద్ద ఆట యొకటి 100 గిగాబైట్లుండుట వింత కాదు. గిగాబైటనగా నూఱు కోట్ల బైట్లు. ఇంటర్నెట్టువారు తమ వేగమును బైట్లలో చెప్పరు, బిట్లలో చెప్పుదురు. ఎనిమిది బిట్లు ఒక బైటు. ఈ మెలిక తెలియకనే పెక్కుమంది తీగవానితో పోట్లాడుదురు. 15 మెగాబిట్ల వేగముగల తీగమీద 100 గిగాబైట్ల ఆట దిగుటకు పదునాలుగు గంటల నలువది ఎనిమిది నిమిషములు పట్టును. 40 మెగాబిట్ల తీగయైన అయిదున్నర గంటలు. 100 మెగాబిట్ల తీగయైన రెండుంబావు గంటలు. ఇది తీగ ఏమాత్రము తడబడక పారినప్పటి లెక్క. కాలువ కొసనున్న చేనికి నీరు ఎంత నిదానముగా నెక్కునో మీకు నేను చెప్పవలెనా? రాత్రి పడుకొనుబోవు ముందు దింపుట మొదలుపెట్టి, పెట్టెను నిద్రావస్థలో ఉంచిన చాలును. తెల్లవాఱునప్పటికి పని పూర్తియగును. మధ్యలో కరెంటు పోయినను దిగినంత మేర సాధారణముగా నిలిచియుండును. పెట్టె పని చేయుచుండగా గోడమీట నార్పుట మాత్రము మంచిది కాదు.

చోటు సంగతికి వత్తము. ప్లేస్టేషన్ 5 మొదట వచ్చినపుడు దాని లోపలి గాదె 825 గిగాబైట్లని అట్టపెట్టెమీద అచ్చువేసిరి. ఇంటికి తెచ్చి చూడగా ఆటలకు మిగులునది సుమారు 667. తక్కినది యంత్రము తన నడకకై ఉంచుకొనును. పుట్టి వడ్లను మరకు పోసిన పుట్టి బియ్యము రావుగదా. 100 గిగాబైట్ల ఆటలు ఆఱు వేసిన గాదె నిండినట్లే. 2019లో వచ్చిన కాల్ ఆఫ్ డ్యూటీ యుద్ధపుటాట యొకటి, దాని అనుబంధముతో కలిసి, మఱుసటి యేటికి 200 గిగాబైట్ల వఱకు పెరిగెను. ఆటలు కొన్ననాటి కొలతలో నిలువవు. సవరణలని, కొత్త అంకములని వచ్చి చేరుచునే యుండును. సవరణ దిగుటకును కొంత ఖాళీ కావలెను. ప్లేస్టేషన్ 4 వంటి పెట్టెలు పాత ఆటకు కొత్త నకలు తయారుచేసి, అది సిద్ధమైన పిమ్మటనే పాతదానిని విడుచును. కావున గాదెను అంచువఱకు నింపుట తెలివి కాదు.

నిండినపుడేమి చేయవలెను? ముందుగా బొమ్మలను చూడుడు. పిల్లవాడు గెలిచినప్పుడెల్ల ఆ ఘట్టమును పెట్టె తనంతతానే చలనచిత్రముగా తీసి దాచుచుండును. వాడు మరల ఎన్నడును చూడడు. అవి పోయినను బెంగ లేదు. పిమ్మట, ఆడి ముగించిన ఆటలు. వీనిని నిర్భయముగా తీసివేయవచ్చును. ఒకసారి కొన్న ఆట కొన్నదే. ఖాతాలో పేరు నిలిచియుండును. పళ్లెమైన చేతనే యున్నది. కావలసినపుడు మరల డబ్బు పోయకుండ దింపుకొనవచ్చును. పోవునది కాలమే. బయట తగిలించు డిస్కు కొనుట మఱియొక మార్గము. అయితే అది పెరటికొట్టువంటిది. ప్లేస్టేషన్ 5 ఆటలను 2021 ఏప్రిలు నుండి అందులో దాచనిచ్చుచున్నారు గాని, అక్కడనుండి ఆడనియ్యరు. ఆడవలసినపుడు లోపలికి తెచ్చుకొనవలెను. లోపలి గాదెనే పెంచు ఎం.2 అను పలుకను 2021 సెప్టెంబరు నుండి అమర్చుకొననిచ్చిరి. అది వెలగలది. నన్నడిగినచో, రెండు మూడు ఆటలతో తృప్తిపడు పిల్లవానికి అది యనావశ్యకము.

ఇంతవఱకు చెప్పినది తిండిగింజల మాట. తిండిగింజలు తఱిగినను సంతలో కొనుక్కొనవచ్చును. విత్తనపు గింజలు వేఱు. ఏ యింట కఱవు వచ్చినను విత్తనపు కుండ జోలికి పోరని మీ రెఱుగుదురు. ఆటపెట్టెలో విత్తనపు కుండ వంటిది సేవ్ అనునది. పిల్లవాడు ఏ మజిలీ వఱకు చేరినాడు, ఏమి కట్టినాడు, ఏమి కూడబెట్టినాడు అను లెక్క అది. వెనుకటి బిళ్లలో నుండెడిది ఇదియే. కొలతలో మిక్కిలి చిన్నది. చాల ఆటలలో కొలది మెగాబైట్లే. కాని యది పోయినచో ఏ కంపెనీవారును మరల అమ్మలేరు, ఏలయన దానిని చేసినవాడు మీ మనుమడు.

2024 సెప్టెంబరు 1న బుడమేరు పొంగి విజయవాడలో పల్లపు పేటలను ముంచినది మీరందఱు వినియే యుందురు. అదే దినములలో ప్రకాశం బ్యారేజివద్ద కృష్ణలో 11 లక్షల క్యూసెక్కులకు పైగా నీరు పారెను. అంతకుముందెన్నడు అంత పారలేదు. భవానీపురములోని పల్లపు వీథులలోనికిని బుడమేటి నీరు వచ్చెను. అట్టి యొక వీథిలో నాకు తెలిసిన కుటుంబ మొకటి క్రిందియింట కాపురముండెను. వారి పిల్లవానికి ఫార్మింగ్ సిమ్యులేటర్ 22 అను సేద్యపుటాట ప్రాణము. పొలము దున్ని, విత్తి, కోసి, అమ్మి, పశువులశాలలు కట్టుకొను ఆట యది. వాని తాతగారు పాత రైతు. మొదట మొగము చిట్లించెను. తరువాత కుర్చీ దగ్గఱకు లాగుకొనెను. “శాల తూర్పున కట్టరా, పడమట కడితే వాన జల్లు కొడుతుంది” అని చెప్పి కట్టించెను. ఆటలో వానజల్లు పశువులను బాధింపదని మనుమడు చెప్పినను వినలేదు. “వరి లేని పొలమేం పొలంరా?” అని మాత్రము కడవఱకు నిష్ఠూరమాడెను, ఆ ఆటలో గోధుమ, మొక్కజొన్న వంటివే గాని వరి లేదు. ఆయన 2023 వేసవిలో కాలధర్మము చెందెను. అటుపిమ్మట పిల్లవాడు ఆ పొలములో పని చేయుట మాని, అప్పుడప్పుడు తెఱచి చూచి మూసివేయుచుండెను.

వరదలో పెట్టె మునిగినది. మంచములమీదికి ఎక్కింపబడినవి బియ్యము, పుస్తకములు, కాగితములు. టెలివిజను బల్ల క్రిందనున్న దానిని ఎవరు తలతురు? 2025 సంక్రాంతికి మేనమామ కొత్త పెట్టె కొనిపెట్టెను. పిల్లవాడు తన ఖాతా పేరు చెప్పగానే కొన్న ఆటల జాబితా యంతయు కనబడెను. రాత్రికి రాత్రి ఆటలన్నియు దిగెను. పొలము మాత్రము రాలేదు. ఆ లెక్కకు రెండవ నకలు మఱియెక్కడను లేదు. 2024 నవంబరులో వచ్చిన ఆ యాట కొత్త కూర్పులో వరిమడులును గేదెలును కలవని తెలిసి, వాడు దానిని తెచ్చుకొనెను. నన్నడిగిన మాట ఒక్కటే: “గేదెలశాల తూర్పునే కట్టనాండీ?”

కావున పెద్దలు విచారింపవలసినది ఆట యెంత పెద్దదని కాదు, సేవ్ నకలు ఎక్కడ నున్నదని. ఆటను తీసివేసినంతమాత్రమున ఈ పెట్టెలలో సామాన్యముగా సేవ్ పోదు. అది వేఱు గదిలో నుండును. కాని తెరమీద సేవ్ డేటా అని వ్రాసియున్న చోట తొలగించు మీట నొక్కినను, పెట్టెను మొదటి స్థితికి తెచ్చు మీట నొక్కినను అది పోవును. పెట్టెను ఇతరులకు అమ్ముటకు ముందు ఈ రెండవ మీటను నొక్కుట వాడుక. నకలు చూచుకొనియే నొక్కవలెను. ఎక్స్‌బాక్స్‌లో, ఇంటర్నెట్టు తగిలియున్న యెడల, సేవ్ నకలు వేఱు రుసుము లేకుండ దూరముననున్న కంపెనీవారి గిడ్డంగికి తనంతతానే చేరును. దానినే పిల్లలు క్లౌడు అందురు. ప్లేస్టేషన్ 4 ఆటల సేవ్‌ను ఆ పెట్టెలో చిన్న యూఎస్‌బీ కడ్డీలోనికి నకలు తీసికొనవచ్చును. ప్లేస్టేషన్ 5కై చేసిన ఆటల సేవ్‌ను అట్లు తీయనియ్యరు. ప్లస్ అను చందా కట్టినవారికే దూరపు గిడ్డంగి. స్విచ్‌లో అదనపు కార్డు వేసినను సేవ్ పెట్టె లోపలనే యుండును. అక్కడను గిడ్డంగికి చందా కావలెను, కొన్ని ఆటలకు చందా కట్టినను ఆ వసతి లేదు. చందా కట్టుటయా మానుటయా అనునది ఇంటివారి యిష్టము. కట్టినంతకాలము దాని గడువు తేదీని ఎవరో యొకరు కనిపెట్టియుండవలెను.

మఱియొక చిన్నపని. ఆ ఖాతాకు పెట్టిన పేరును, ఏ ఈమెయిలుతో తెఱచిరో దానిని, రహస్యపదమును పిల్లవానిచేత ఒక కాగితముమీద వ్రాయించుడు. పొలము పాసుపుస్తకములుండు పెట్టెలోనే ఆ కాగితమును ఉంచుడు. క్రిందియింట కాపురముండువారు ఆ పెట్టెను వానకాలమునకు ముందే అటకమీదికి ఎక్కింపవలెను.