ఉక్కు కంటే ముందు బట్ట: విశాఖలో నేతగాడి చేతిలోంచి ధర ఎలా జారిపోయింది?

చరిత్ర అనగానే స్కిప్ కొట్టేయకండి. ఈ ఎపిసోడ్ మీ ఒంటి మీదున్న కాటన్ షర్ట్ గురించి, మా విశాఖపట్నం గురించి. చివర్లో మీ ఫోన్లో ఉన్న యాప్‌ల దాకా వస్తాం, కాబట్టి కాస్త ఓపిక పట్టండి.

వైజాగ్ అనగానే మీకేం గుర్తొస్తుంది? ఆర్కే బీచ్, డాల్ఫిన్స్ నోస్ కొండ, పోర్టు, స్టీల్ ప్లాంటు. ఇంట్లో పెద్దవాళ్ళని అడిగితే 1966 నాటి ఉక్కు ఉద్యమం గురించి చెబుతారు. సరే, లెక్క చూద్దాం. ఇప్పుడున్న పోర్టు మొదలైంది 1933లో. స్టీల్ ప్లాంటుకి శంకుస్థాపన జరిగింది 1971లో. కానీ ఇంగ్లిష్ ఈస్టిండియా కంపెనీ వాళ్ళు ఇక్కడికొచ్చి మకాం పెట్టింది 1680ల మొదట్లో. అంటే పోర్టుకి దాదాపు రెండున్నర వందల ఏళ్ళ ముందు. వాళ్ళొచ్చింది ఇనుము కోసమూ కాదు, మాంగనీసు కోసమూ కాదు. బట్ట కోసం.

అప్పట్లో వాళ్ళు కట్టుకున్న మకాంని 'ఫ్యాక్టరీ' అనేవాళ్ళు. ఈ మాట విని పొగ గొట్టాలు ఊహించుకోకండి. అందులో ఒక్క మగ్గం కూడా ఉండదు. అదొక గోడౌన్, దాంతో పాటే ఆఫీసు, కంపెనీ ఉద్యోగులు ఉండే ఇల్లు. చుట్టుపక్కల ఊళ్ళలో నేసిన బట్ట కొని, ఇక్కడ మూటలు కట్టి, ఓడలో మద్రాసుకి, అక్కడి నుంచి లండన్‌కి పంపేవాళ్ళు. ఓల్డ్ టౌన్‌లో కోటవీధి అని ఇప్పటికీ పిలుస్తాం కదా, ఆ పేరులో ఉన్న కోట ఈ బట్టల గోడౌన్‌కి కాపలాగా పెరిగినదే. కంపెనీకీ ఔరంగజేబుకీ గొడవ ముదిరినప్పుడు, 1689లో మొగల్ సైన్యం ఈ ఫ్యాక్టరీ మీద దాడి చేసి స్వాధీనం చేసుకుంది కూడా.

మరి ఆ బట్ట ఎవరు నేసేవాళ్ళు? పద్మశాలీలు, దేవాంగులు, ఇంకా ఎన్నో నేత కులాల వాళ్ళు. ఒక్క నేతగాడితో అయిపోయే పని కాదది. రైతు పత్తి పండించాలి. ఆడవాళ్ళు రాట్నం మీద నూలు వడకాలి. పడుగు సాగదీసి గంజి పెట్టాలి. ఆ తర్వాతే మగ్గం. నేసిన బట్టని చాకళ్ళు ఉతికి తెల్లబరచాలి, రంగు కావాలంటే నీలిమందు అద్దకం చేయాలి. ఒక్క బట్ట మీద ఊళ్ళో సగం మంది బతికేవాళ్ళు.

ఇక్కడ మీకో మంచి మాట నేర్పిస్తాను. పుంజం. మామూలుగా 120 పడుగు పోగుల్ని ఒక పుంజం అనేవాళ్ళు. 14 పుంజాల బట్ట అంటే దాని పన్నాలో 1,680 పోగులు ఉంటాయి. 36 పుంజాలంటే 4,320 పోగులు. పన్నా అంతే, పోగులు పెరిగాయి. అంటే నూలు అంత సన్నగా ఉండాలి, చెయ్యి అంత నెమ్మదిగా, పొందికగా ఆడాలి. ఇప్పుడు మనం ఫోన్ కొనేటప్పుడు కెమెరా ఎన్ని మెగాపిక్సెళ్ళని అడుగుతాం కదా, అప్పుడు కొనేవాడు ఎన్ని పుంజాలని అడిగేవాడు. ఈ తెలుగు మాట కంపెనీ లెక్కల పుస్తకాల్లోకి అలాగే ఎక్కిపోయింది. నరసాపురం దగ్గర మాధవాయపాలెంలో కంపెనీకి ఇంకో ఫ్యాక్టరీ ఉండేది. అక్కడి నుంచి వెళ్ళిన బట్టకి ఆ ఊరి పేరే పెట్టి 'మదపోలం' అన్నారు. ఆ మాట ఇప్పటికీ ఇంగ్లిష్, ఫ్రెంచ్ డిక్షనరీల్లో ఉంది.

ఇప్పుడు అసలు విషయానికి వద్దాం. మీకు వాట్సాప్‌లో ఒక ఫార్వర్డ్ వచ్చే ఉంటుంది: ఇంగ్లిష్ వాళ్ళు మన నేతగాళ్ళ బొటనవేళ్ళు నరికేశారని. ఈ కథ ఎక్కడిదో చూస్తే, 1772లో విలియం బోల్ట్స్ అనే మాజీ కంపెనీ ఉద్యోగి రాసిన పుస్తకం దాకా వెళ్తుంది. ఆయన రాసింది బెంగాల్ గురించి. రాసింది కూడా వేరు. బలవంతపు పని తప్పించుకోవడానికి పట్టు దారం తీసేవాళ్ళు తమ వేళ్ళు తామే నరుక్కున్నారని ఆయన రాశాడు. మన తీరంలో జరిగింది ఇంకోలా ఉంటుంది. ఇక్కడ కత్తితో పని పడలేదు. లెక్కల పుస్తకం సరిపోయింది. నా దృష్టిలో అదే ఎక్కువ భయపెట్టే కథ.

ఎలాగో చెబుతాను. 1750లకి ముందు మన తీరం ఎలా ఉందో ఒకసారి ఊహించుకోండి. విశాఖలో ఇంగ్లిష్ వాళ్ళు. పక్కనే భీమిలిలో డచ్చి వాళ్ళు. యానాంలో ఫ్రెంచి వాళ్ళు, దాన్ని ఆనుకునే ఇంజరంలో మళ్ళీ ఇంగ్లిష్ వాళ్ళు. వీళ్ళు కాక మన సొంత వర్తకులు, ఊరి సంతలు. అందరికీ బట్ట కావాలి. నేసే చేతులు మాత్రం అవే.

అప్పటి పద్ధతి ఏంటంటే, వ్యాపారి ముందుగా అడ్వాన్సు ఇస్తాడు. ఆ డబ్బుతో నేతగాడు నూలు కొంటాడు, బట్ట పూర్తయ్యేదాకా ఇంట్లోకి బియ్యం కొంటాడు. దక్షిణాది నేతగాళ్ళ మీద పరిశోధన చేసిన చరిత్రకారుడు ప్రసన్నన్ పార్థసారథి ఒక ఆసక్తికరమైన సంగతి చూపించారు. నేతగాడు అడ్వాన్సు తిరిగి ఇచ్చేస్తే ఒప్పందం నుంచి బయటపడొచ్చు. వ్యాపారికి మాత్రం ఆ వీలు లేదు, బట్ట సిద్ధమైతే తీసుకోవాల్సిందే. ఇంకా వేధిస్తే మగ్గం సర్దుకుని పక్క రాజుగారి సీమలోకి వెళ్ళిపోవచ్చు. అక్కడి రాజుకి కూడా నేతగాళ్ళు కావాలి కాబట్టి రమ్మని పిలిచి చోటిస్తాడు. నూలు ధర పెరిగిందా, కొత్త రేటు అడగొచ్చు. "మీరివ్వకపోతే భీమిలి డచ్చి దొర ఇస్తాడండీ" అన్న ఒక్క మాట చాలు.

అంతా బంగారంలా ఉండేదని నేననడం లేదు. కరువొస్తే నేతగాడే ముందు పస్తులుండేవాడు. కానీ బేరం ఆడే హక్కు అతని చేతిలో ఉండేది.

తర్వాత ఏమైంది? 1753లో ఉత్తర సర్కారులు ఫ్రెంచి వాళ్ళ చేతికి వచ్చాయి. 1757లో బుస్సీ విశాఖ ఫ్యాక్టరీని పట్టుకున్నాడు. 1758 డిసెంబర్‌లో చందుర్తి దగ్గర యుద్ధం జరిగింది. విజయనగరం రాజు ఆనందరాజు సాయంతో ఇంగ్లిష్ సైన్యం ఫ్రెంచి వాళ్ళని ఓడించింది. 1765లో మొగల్ చక్రవర్తి ఫర్మానా, 1766లో నిజాంతో ఒడంబడిక. దాంతో ఈ తీరమంతా కంపెనీ చేతికి పోయింది.

స్కూల్లో ఇవన్నీ తేదీలుగా చదివి వదిలేశాం. నేతగాడి గుమ్మం దగ్గర నిలబడి చూడండి, ఇంకోలా కనిపిస్తుంది. నిన్నటిదాకా బట్ట కొనేవాళ్ళలో ఒకడు. ఈ రోజు నుంచి పన్ను వసూలు చేసేదీ వాడే, తీర్పు చెప్పేదీ వాడే, బట్ట కొనేదీ వాడే. కస్టమరే సర్కారు అయిపోయాడు.

ఆ తర్వాతి దశాబ్దాల్లో కంపెనీ మధ్యలో ఉన్న వర్తకుల్ని పక్కకు తప్పించి, తన గుమాస్తాల్నే ఊళ్ళలోకి పంపింది. అడ్వాన్సు తీసుకున్న నేతగాడు కంపెనీ పని పూర్తయ్యేదాకా ఇంకెవరికీ నేయకూడదని రూల్ పెట్టింది. పని ఆలస్యమైతే ఇంటి ముందు బంట్రోతుని కూర్చోబెట్టేవాళ్ళు. ఆ బంట్రోతు రోజు బత్తా ఎవరు కట్టాలో తెలుసా? నేతగాడే. తెచ్చిన బట్టని నమూనాతో పోల్చి మొదటి రకం, రెండో రకం అని విడగొట్టేవాళ్ళు. రకం తగ్గితే ధర తగ్గుతుంది. రకం తేల్చేది కొనేవాడే. తగ్గిన డబ్బు అప్పుగా మిగిలిపోతుంది. అప్పుంది కాబట్టి మళ్ళీ కంపెనీకే నేయాలి. ఇవి చాలవన్నట్టు మోతుర్ఫా అని చేతిపనుల మీద పన్ను, మగ్గానికి ఇంత అని.

డచ్చి వాళ్ళు 1825 దాకా భీమిలిలో ఉన్నారు. యానాంలో ఫ్రెంచి వాళ్ళూ ఉన్నారు. పేరుకి కొనేవాళ్ళు చాలామందే. కానీ చుట్టూ ఉన్న ఊళ్ళన్నీ కంపెనీవైతే వాళ్ళ దగ్గరికి నేతగాడు ఎలా వెళ్తాడు? మగ్గం సర్దుకుని పోవడానికి పక్క సీమ కూడా కంపెనీదే అయిపోయింది.

"మిషన్లొచ్చాయి, చేనేత పోయింది" అని మనం ఒక్క ముక్కలో తేల్చేస్తాం. అది సగం నిజం. తేదీలు పక్కపక్కన పెట్టి చూడండి. ఇంగ్లండ్‌లో హార్‌గ్రీవ్స్ స్పిన్నింగ్ జెన్నీ 1764లో, ఆర్క్‌రైట్ వాటర్ ఫ్రేమ్ 1769లో, క్రాంప్టన్ మ్యూల్ 1779లో, కార్ట్‌రైట్ మరమగ్గం 1785లో వచ్చాయి. ఆ యంత్రాల సరుకు మన మార్కెట్‌ని ముంచెత్తింది 1813 తర్వాత, అంటే మన దేశంతో వ్యాపారం మీద కంపెనీ గుత్తాధిపత్యం తీసేశాక. మన నేతగాడు బేరం పోగొట్టుకున్నది 1765 ప్రాంతంలో. మధ్యలో దాదాపు యాభై ఏళ్ళ తేడా ఉంది. మిల్లు గుడ్డ వచ్చి పడేసరికి అతని దగ్గర నిల్వ డబ్బు లేదు, వేరే కస్టమర్ లేడు, అప్పు మాత్రం ఉంది. అప్పటికే నీరసించిన మనిషి మీద మిల్లు వచ్చి పడింది.

పైగా వాళ్ళు తమ దేశంలో ఏం చేశారో కూడా గుర్తుంచుకోవాలి. మన రంగుల కాలికో బట్టలు అక్కడి నేతగాళ్ళకి దెబ్బ అని 1700లో ఒకసారి, 1721లో ఇంకోసారి చట్టాలు చేసి కట్టడి చేశారు. వాళ్ళ పరిశ్రమ ఎదిగేదాకా తలుపు మూసుకున్నారు. మన తలుపు తాళం మాత్రం వాళ్ళ జేబులోనే ఉంది. ఒకప్పుడు వాళ్ళ డిక్షనరీలోకి మాధవాయపాలెం వెళ్ళింది. కొన్ని తరాలు తిరిగేసరికి మన తాతలు 'గ్లాస్గో పంచె' కట్టుకున్నామని గొప్పగా చెప్పుకునే రోజులొచ్చాయి.

అయినా మొత్తం చచ్చిపోలేదు. విశాఖ నుంచి శ్రీకాకుళం వైపు వెళ్తే పొందూరు వస్తుంది. అక్కడ ఇప్పటికీ పత్తిని వాలుగ చేప దవడ ఎముకతో దువ్వుతారు. ఆ చిన్న చిన్న పళ్ళు దువ్వెనలా పనిచేసి గింజ చుట్టూ ఉన్న చెత్తని తీసేస్తాయి. తర్వాత ఏకులు చేసి, ఒంటి కదురు రాట్నం మీద ఆడవాళ్ళు నూలు వడుకుతారు. వంద కౌంటు నూలు అంటే ఏంటో తెలుసా? ఒక పౌను పత్తి, అంటే అర కిలో కన్నా తక్కువ, దాంతో 84,000 గజాల దారం వస్తుంది. దాదాపు 77 కిలోమీటర్లు. ఇక్కడ వైజాగ్‌లో ఒక కొస పట్టుకుంటే రెండో కొస విజయనగరం దాటిపోతుంది. ఇదంతా చేత్తో, రాట్నం మీద. ఇలాంటి నూలు వడికే అమ్మకి దక్కే కూలి ఆ నేర్పుకి తగ్గట్టు ఉండాలా వద్దా? ఆ రేటు చెప్పేది మాత్రం ఆమె కాదు.

ఇటు అచ్యుతాపురం వైపు చూడండి. ఇప్పుడది అనకాపల్లి జిల్లా. వెయ్యి ఎకరాల్లో శ్రీలంక కంపెనీ బ్రాండిక్స్ పెట్టిన దుస్తుల పార్కు ఉంది. చుట్టుపక్కల పల్లెల నుంచి వేలమంది ఆడపిల్లలు బస్సుల్లో వచ్చి విదేశీ బ్రాండ్ల కోసం బట్టలు కుడతారు. చేతికి నెల జీతం వస్తోంది, పీఎఫ్ ఉంది, పెళ్ళి మాట కొన్నాళ్ళు వాయిదా వేసే ధైర్యం వచ్చింది. ఇవి చిన్న విషయాలు కావు, నేను తీసిపారేయను. పద్దెనిమిదో శతాబ్దపు నేతగాడికి లేని కార్మిక చట్టాలు వాళ్ళకున్నాయి. కానీ ఆ నేతగాడికి ఉన్నది ఒకటి వీళ్ళకి లేదు. మగ్గం అతనిది. ఈ మిషన్ వీళ్ళది కాదు. ఇంకో ఊరికి మోసుకుపోలేరు.

ఇప్పుడు మీ ఫోన్ తీయండి. ఫుడ్ డెలివరీ, బైక్ ట్యాక్సీ యాప్‌లు ఉన్నాయి కదా. మీలో కొందరు వాటిలో పనిచేస్తూ కూడా ఉండొచ్చు. మొదట్లో నాలుగైదు యాప్‌లు పోటీ పడినప్పుడు ఇన్సెంటివ్‌లు ఎలా ఇచ్చారో, పోటీ తగ్గాక ఏమయ్యాయో మీకే బాగా తెలుసు. రేటింగ్ ఇచ్చేది ఎవరు? రూల్ మార్చేది ఎవరు? బండి లోన్ ఈఎంఐ ఎవరి మెడ మీద ఉంది? మొదటి రకం, రెండో రకం, బంట్రోతు బత్తా, అడ్వాన్సు... పేర్లు మారాయి, అంతే. కంపెనీ, యాప్ రెండూ ఒకటే అని నేననను. ఆ రోజు కొనేవాడి చేతిలో సైన్యం ఉంది. కానీ ఏ పనిలోకి వెళ్ళినా అడగాల్సిన ప్రశ్న మాత్రం అదే: నాకు నచ్చకపోతే నేను ఎవరి దగ్గరికి వెళ్ళగలను?

జీతం ఎంత అని అందరూ అడుగుతారు. ఈ ప్రశ్న కూడా అడగండి. దానికి జవాబు లేని పనిలో ఈ రోజు రేటు ఎంత బాగున్నా, రేపటి రేటు మీ చేతిలో ఉండదు. జవాబు లేదంటే, పక్కనున్న పదిమందితో కలిసి ఒక మాట మీద నిలబడటం నేర్చుకోవాలి. ఉక్కు కోసం ఈ ఊరు ఒకప్పుడు చేసింది అదే కదా.

ఈసారి కోటవీధి మీదుగా వెళ్తే, ఈ వీధికి ఆ పేరెలా వచ్చిందో పక్కనున్న ఫ్రెండ్‌కి చెప్పండి. మీ ఇంట్లో గానీ, మీ ఊళ్ళో గానీ మగ్గం ఉంటే, అక్కడ ధర ఎవరు చెబుతారో అడిగి కామెంట్లో రాయండి, నేను చదువుతాను. ఉంటానండి.