టైటిళ్లలో పలక పేరేదీ?

మదనపల్లె, పుంగనూరు, కుప్పం నుంచి ప్రయోగాల పొట్టి సినిమాలు తీస్తామని వచ్చిన తమ్ముళ్లారా!

1919లో ఈ మదనపల్లెలోనే ఠాగూర్ 'జనగణమన' పాడితే మార్గరెట్ కజిన్స్ స్వరాలు రాసిపెట్టింది. ఆ బాణీ నిలిచింది. మరి మన పలకకు దరువు కట్టినోళ్ల పేర్లేవి?

సినిమాల్లో పలకంటే చావు, జాతర, కొట్లాట. మీరట్లా చేయొద్దు. మంటకు కాచకముందు మెత్తగా మోగే పలకను తల్లి ఎదురుచూపుకు పెట్టండి. కాగినాక ఖంగుమనే దెబ్బను పరుగుకు పెట్టండి. సెకనుకు 24 ఫ్రేములు. 12 ఫ్రేములకొక దెబ్బంటే నిమిషానికి 120. ఈ లెక్క మీది, దరువు పెద్దాయనది. ముందు ఆయనకు బొమ్మ చూపించండి. ఆయన ఆగినచోట మీరూ ఆగండి.

కూలీ ఇవ్వండి. 'సంగీతం' అన్నచోటే ఆయన పేరెయ్యండి. 'సహకారం' అని చివరికి తోస్తే, అదీ వెలివాడే!

జై భీమ్.