ఊరి సినిమాహాలు – మన కర్తవ్యము
(కోనసీమయందలి నగరము గ్రామమున పఠనమందిర సభ్యుల యెదుట చేసిన ప్రసంగపాఠము)



ఊరి సినిమాహాలు మూతపడినదని విచారించుట కొందఱికి హాస్యాస్పదముగ తోచవచ్చును. కూటికి లేనివారుండగా ఆటపాటల గోల యేల యందురు. మేమట్లు తలపజాలము. పదిమంది యొక్కచోట కూర్చుండి నవ్వుటకును, కంట తడిపెట్టుటకును తావులేనిది ఊరుగాదు, ఇండ్లవరుస మాత్రమే.

మచిలీపట్టణమున జనించిన రఘుపతి వెంకయ్యనాయుడుగారు చెన్నపట్టణమున గెయిటీ చిత్రశాలను కట్టించిరి. 1921లో బెజవాడయందు మారుతీ హాలు వెలసెను. 1932లో ‘భక్తప్రహ్లాద’తో తెర తెలుగు మాటలాడెను. గుడారపు టూరింగు టాకీసులును, వానివెనుక పక్కాహాళ్లును పల్లెలకు వచ్చినవి.

ఆనాటి వర్తకమర్మము గమనింపుడు. కొత్తబొమ్మ మొదట రాజమండ్రి, కాకినాడలలో ఆడి, కొన్నివారములకు చిన్నపట్టణములకును, ఆ వెనుక పల్లెహాలునకును వచ్చెడిది. నేడు బొమ్మ యొక్కదినముననే వందలాది తెరలపై పడుచున్నది. కొలదివారములకే చేతిఫోనున ప్రత్యక్షమగుచున్నది. పాతబొమ్మతో బ్రతికిన పల్లెహాలునకు వంతే లేకపోయెను.

దీనికితోడు 2020లో కరోనా తలుపులు మూయించెను. 2021 ఏప్రిలు ఉత్తరువున గ్రామపంచాయతీలలో ఏసీలేని హాళ్లకు కనిష్ఠధర 5 రూపాయలుగ నిర్ణయమయ్యెను. 2022 మార్చిలో అది 20 రూపాయలైనది. పెద్దబొమ్మలకో, ధర పెంచుకొన ప్రత్యేకానుమతులు! ఒకచో హాలునకు గిట్టదు. మఱొకచో కూలివానికి అందదు. 2025లో హాళ్లవారు అద్దెకు మాఱుగ రాబడిలో వాటా కోరి, జూన్ 1 నుండి మూసెదమని పలికి, పిదప మానుకొనిరి. లాభనష్టములను ఇరువురును పంచుకొనుట న్యాయమని మా యభిప్రాయము.

హాలున నేల, బెంచి, కుర్చీయను రూకల తారతమ్యముండెను గాని, టిక్కెట్టుపై కులము వ్రాయబడలేదు. అభిమానుల పేర కులము లోనికీడ్వబడుటయు నిజమే. ఐనను 2022 మే 24న జిల్లాపేరును గూర్చి అమలాపురమున ఇండ్లు తగులబడుట చూచిన మనకు, అందఱు కలిసి కూర్చుండు తావుల యక్కఱ వేఱుగ చెప్పవలయునా?

కావున మూతపడిన హాలు కల్యాణమండపమో గిడ్డంగియో కాకమునుపే ఊరివారు యజమానితో మాటాడవలయును. వారమున రెండుదినములు బొమ్మ ఆడుగాక. తక్కినదినముల హరికథలు, బాలల నాటకములు, సభలు జరుగుగాక. చిన్నచిత్రములకు రాబడిలో వాటాపద్ధతి నేర్పఱుపుడు. మన పెద్దలు చందాలెత్తి గ్రంథాలయములను నిలిపిరి. వాని నీడను కూర్చున్న మనకు ఈమాత్రపు పూనిక అసాధ్యము కాదు.