సూచికలు కూర్చిన శామ్యూల్ ఆస్క్యూ



మా తండ్రిగారి కాలమున మా పొలమునకు వచ్చు పంటకాలువ విషయమై పొరుగు రైతులతో ఒక తగవు పుట్టినది. మా హక్కును తెలుపు పాత పత్రము ఇంటిలోనే కలదని అందఱకును తెలియును. కాని అది ఏ పెట్టెలో, ఏ కట్టలో ఉన్నదో ఎవ్వరికిని తెలియదు. మూడు దినములు ఇల్లెల్ల గాలించితిమి. పెద్దమనుష్యులు పెట్టిన గడువు దాటినది. ఉన్న హక్కులో సగము వదలుకొని రాజీపడితిమి. నాలుగవనాడు ఆ పత్రము పాత పంచాంగముల కట్టలో దొరకెను. పత్రము లేక కాదు, కానరాక నష్టపోతిమి. ఆనాటినుండి, ఉన్నదానిని కనుగొనుటకు దారి చేసిపెట్టు మనుష్యులయెడ నాకు మిక్కిలి గౌరవము. అట్టివారిలో ఒకరి చరిత్రమును నేడు మీకు విన్నవించెదను. ఆయన ఇంగ్లండు దేశస్థుడు. పేరు శామ్యూల్ ఆస్క్యూ.

ఆయన 1745వ సంవత్సరమున నాటింగ్‌హాము పట్టణమున జన్మించెను. తండ్రి వర్తకుడు, పిత్రార్జితము బాగుగనే కలవాడు. కాని నిలుకడలేని వ్యాపారములలో దిగి ఆస్తి నంతయు పోగొట్టుకొనెను. కుమారుడు ఆ ఊరి ధర్మపాఠశాలలో చదువుకొన్నవాడు. ఇల్లు చితికిపోగా, తండ్రిని, తోబుట్టువును పోషించుటకై పిండిమరలో కూలికి కుదిరెను. అక్షరములు దిద్దిన చేతులతో ధాన్యపు మూటలు మోసెను. అంత చేసినను సంసారము గడువలేదు.

1770 ప్రాంతమున ఈ దుస్థితి ఒక పాత సహాధ్యాయి చెవిని బడెను. ఆతని పేరు జాన్ ఈమర్. తరువాతి కాలమున లండను నగరమునకు మేయరైనవాడు. ఆతడు మిత్రుని లండనునకు పిలిపించి, కట్టుబట్టలిచ్చి, వీధులలో రాళ్లు పరచు కూలీలపై మేస్త్రీగా పని యిప్పించెను. చిన్ననాటి స్నేహము ఆపదలో ఎట్లుండవలెనో ఇచ్చట చూడుడు. కొంత కాలమునకు ఆస్క్యూ రివింగ్టన్ అను పుస్తక వర్తకుని అంగడిలో చేరెను. అచ్చటనుండి బ్రిటిష్ మ్యూజియమున గ్రంథముల పట్టికలు వ్రాయు పని, స్వల్పమైన వారపు జీతముపై, లభించెను.

ఈ మ్యూజియము సంగతి కొంత చెప్పవలెను. సర్ హాన్స్ స్లోన్ అను వైద్యుడు జీవితమంతయు కూడబెట్టిన గ్రంథములు, వస్తువులు ఆతని మరణానంతరము, 1753లో, ఇంగ్లీషు ప్రభుత్వము వశమయ్యెను. వానికి మఱికొన్ని సంగ్రహములు చేర్చి, 1759లో ప్రజలకు తలుపులు తెఱచిరి. తలుపులు తెఱచినంతనే గ్రంథములు తెఱచినట్లు కాదు. వేలకొలది వ్రాతప్రతులు అలమారలలో ఉన్నవి. ఏ సంపుటములో ఏమి యున్నదో తెలుపు పట్టిక లేదు. పండితుడు దూరమునుండి వచ్చి, తనకు కావలసిన ప్రతి నాలుగు బారల దూరమున ఉండగనే, లేదనుకొని తిరిగిపోవలసి యుండెను.

ఆస్క్యూ ఈ పనికి పూనుకొనెను. ఆయన అనుసరించిన పద్ధతి చాల సులభమైనది. ఒక పెద్ద పుస్తకములో వరుసగా వ్రాసికొని పోయినచో, నడుమ చేర్చవలసిన దానికి చోటుండదు. కావున ఒక్కొక్క అంశమును వేర్వేరు కాగితపు చీటీపై వ్రాసెను. చీటీలను ఎన్నిమార్లయినను ఇటునటు మార్చవచ్చును, క్రొత్తవానిని నడుమ దూర్చవచ్చును, ఒకే విషయమునకు సంబంధించిన వానిని ఒక చోటికి తేవచ్చును. ఇట్లు సుమారు 20,000 చీటీలు వ్రాసి, వానిని విషయముల వారీగా కూర్చి, అయిదువేల సంపుటముల వ్రాతప్రతులకు రెండు సంపుటముల పట్టికను 1782లో ప్రకటించెను.

చేతిలో నాలుగు డబ్బులు ఆడగనే ఆయన చేసిన పని యేమనుకొన్నారు? ఊరిలో ఉన్న తండ్రిని లండనునకు రప్పించుకొనెను. ఆస్తి పోగొట్టినాడని తండ్రిని ఆడిపోసికొనలేదు. 1783లో ఆ వృద్ధుడు కన్నుమూయువఱకు కొడుకే పోషించెను. ఆ పట్టికలోని ప్రతి చీటీ వెనుకను తండ్రి అన్నముముద్ద కలదని నేను తలంతును.

1785 ప్రాంతమున ఆయన మ్యూజియమున సహాయ భాండాగారిగా నియమింపబడెను. క్రైస్తవ గురుత్వదీక్షయు పొందెను. 1787లో మ్యూజియమునందలి అచ్చు పుస్తకముల పట్టిక రెండు పెద్ద సంపుటములుగా వెలువడెను. ఆ పనిలో మువ్వురు పాల్గొనిరి. అందు మూడింట రెండు వంతులు ఆస్క్యూ చేసినదే.

ఆయనకు శాశ్వతమైన పేరు తెచ్చినవి మాత్రము సూచికలు. మన పద్యకావ్యముల చివర పద్యముల మొదళ్లను అకారాది క్రమమున కూర్చిన పట్టికను మీరు చూచియేయుందురు. అట్టి సూచికనే ఒక మాసపత్రికకు కూర్చుట యెట్టిదో ఊహింపుడు. జెంటిల్మన్స్ మ్యాగజైన్ అను పత్రిక 1731లో పుట్టినది. దాని మొదటి 56 సంపుటములకు ఆస్క్యూ సూచిక కూర్చెను; అది 1789లో అచ్చయ్యెను. జననములు, మరణములు, వ్యాసములు, పుస్తక విమర్శలు మొదలైన వన్నియు అందు చెదరి యుండెను. అంతకు మున్నే మంత్లీ రివ్యూ అను మఱియొక పత్రికకు సూచిక చేసియుండెను. 1790లో షేక్స్పియరు నాటకములలోని ముఖ్య పదములకును, వాక్యములకును సూచిక ప్రకటించెను. ఒక మాట జ్ఞాపకముండి, అది ఏ నాటకములోనిదో, ఏ అంకములోనిదో తోచని పాఠకునికి అది కన్నులిచ్చినట్లయ్యెను. ఇంగ్లీషువారు ఆయనను సూచికాకర్తలలో రాజకుమారుడని పిలిచిరి. పిండిమరలోని కూలివానికి దక్కిన బిరుద మిది.

ఇది తెలివితో పనిలేని గుమాస్తా చాకిరి యని కొందఱందురు. నేను అట్లు తలంపను. ఒకే మనుష్యుడు ఒకచోట ఇంటిపేరుతోను, ఒకచోట బిరుదుతోను కనబడును. ఇరువురును ఒక్కరే యని గుర్తింపవలెను. ఒకే పేరుగల తాతను, మనుమని వేఱుపఱుపవలెను. అన్నిటికంటె ముఖ్యముగా, తాను చదివినదానిని తనకొఱకు గాక, ఎన్నడును చూడబోని పాఠకుడు రేపు ఏ మాటతో వెదకునో ఊహించి వ్రాయవలెను. పరుల అవసరమును ముందుగా తలపోయుట తెలివి మాత్రమే కాదు, దయ కూడను.

ఆయన జీవితపు చివరి దినములలో కెంటు మండలమందలి కడమ్ అను గ్రామమున గురుపదవి లభించెను. కొంత సుఖము చేతికందునప్పటికి ఆయుర్దాయము తీరినది. 1804 అక్టోబరు 30వ తేదీన, తాను పట్టికలు వ్రాసిన ఆ మ్యూజియములోనే, 59వ యేట మరణించెను.

ఆ గ్రంథసంపద 1973లో బ్రిటిష్ లైబ్రరీ అను ప్రత్యేక సంస్థకు సంక్రమించినది. నేడు యంత్రములు కనుఱెప్ప పాటులో కోట్ల మాటలలో ఒక మాటను వెదకి చూపుచున్నవి. అయినను ఆ యంత్రముల లోపలను ముందుగా కట్టియుంచిన సూచికయే పని చేయుచున్నది. చీటీ మాఱినది గాని ధర్మము మాఱలేదు.

పెద్దలారా, మీ యిండ్లలో పత్రములు కలవు. మీ మనస్సులలో పొలముల సరిహద్దులు, వంశముల సంబంధములు, చెఱువుల చరిత్రములు కలవు. అవి ఎక్కడ ఉన్నవో మీకు మాత్రమే తెలియును. ఈ వారము ఒక తెల్లకాగితము తీసికొని, ఏ పెట్టెలో ఏ కట్ట యున్నదో, ఏ కట్టలో ఏ పత్రమున్నదో వ్రాసి పెట్టె మూతలోపల అంటింపుడు. గంటసేపటి పని. మా యింట ఎవ్వరును ఆ పని చేయలేదు. అందుచే సగము నీరు పోయినది. మీ బిడ్డలకు అట్టి నష్టము కలుగకుండుగాక.