ఏం చేశాడని అడగండి

 

పట్టాలు అందుకుంటున్న పిల్లలూ, నేను ముప్ఫై నాలుగేళ్ళు ఒక తెలుగు దినపత్రికలో పనిచేశాను. రిపోర్టరుగా కాదు, డెస్కులో. వచ్చిన కాపీని దిద్ది, హెడ్డింగు పెట్టి, పేజీలోకి ఎక్కించడం నా పని. ఒక రకంగా అది మనుషులకి పేర్లు పెట్టే పని. తీవ్రవాది, ఉగ్రవాది, మతోన్మాది, ఛాందసవాది, ముష్కరుడు. ఈ పేర్ల గురించి మాట్లాడదామనే వచ్చాను. మీరు రేపట్నుంచి వీటిని వింటారు, వాడతారు, మీలో కొందరి మీద ఇవి పడతాయి కూడా.

'ముష్కరుడు' అన్న మాట తీసుకోండి. పాత నిఘంటువు తిరగేస్తే మొండివాడు, దుష్టుడు అని ఉంటుంది. బాంబుతో, తుపాకీతో ఆ మాటకి సంబంధం లేదు. కానీ 'ముష్కరులు' అంటే నాలుగే అక్షరాలు, కాలమ్‌లో చక్కగా ఇమిడిపోతుంది. 'పేలుడు కేసులో పోలీసులు అనుమానిస్తున్న యువకులు' అంటే ఇమడదు. మేం రోజూ రాత్రి చేసే ఎంపికల్లో సగం ఇలాంటివే. చోటు ఉందా లేదా అని చూసేవాళ్ళం. నిజమా కాదా అన్నది దాని తర్వాతే.

ఒక రాత్రి పదకొండున్నరకి, పేజీ వదిలే టైములో, ఒక జిల్లా నుంచి వార్త వచ్చింది. బైకు మెకానిక్ కొడుకు, ఇరవై రెండేళ్ళవాడు. 'అనుమానంతో అదుపులోకి తీసుకున్నారు' అని కాపీలో స్పష్టంగా ఉంది. నేను పెట్టిన హెడ్డింగు 'ఉగ్రవాది అరెస్టు'. నాలుగు కాలమ్‌లు, ఫొటోతో.

ఆ హెడ్డింగులో ఆ కుర్రాడికి ఒక పేరుంది, వాడు చేసిన పని లేదు. మన భాషలో క్రియ వాక్యం చివర వస్తుంది. చివరిదాకా ఓపికగా వింటేగాని ఎవరు ఎవర్ని ఏం చేశారో తెలీదు. ఆ ఓపిక లేనప్పుడు మనం మొదట పారేసేది క్రియనే. మిగిలేది ఒక నామవాచకం, ఎవడి నెత్తినైనా పెట్టొచ్చు.

ఇలా పెట్టినప్పుడు ఏమవుతుందో హైదరాబాదుకి తెలిసినంతగా మరో ఊరికి తెలిసి ఉండదు. 2007 మే 18, శుక్రవారం. మధ్యాహ్నం నమాజుకి మక్కా మసీదు నిండిపోయి ఉంది. వజూ చేసుకునే చోటికి దగ్గర్లో, సెల్‌ఫోన్‌తో పేల్చే పైపు బాంబు పేలింది. తొమ్మిది మంది పోయారు. ఆ తర్వాత బయట గొడవల్లో పోలీసు కాల్పులకి మరో ఐదుగురు పోయారు. ముందు 'ఇస్లామిక్ ఉగ్రవాదం' అన్న పేరు వచ్చింది. పాతబస్తీ కుర్రాళ్ళు పదుల సంఖ్యలో స్టేషన్లకీ జైళ్ళకీ వెళ్ళారు. వాళ్ళ మీద పెట్టిన కేసులు కోర్టులో నిలవలేదు. దర్యాప్తు సీబీఐకి, అక్కణ్ణుంచి ఎన్‌ఐఏకి వెళ్ళింది. నిందితులు మారారు, పేరూ మారింది. ఈసారి 'కాషాయ ఉగ్రవాదం'. ఆ మాట అనొచ్చా అనకూడదా అని దేశమంతా ఏళ్ళ తరబడి కొట్లాడింది. 2018 ఏప్రిల్ 16న నాంపల్లిలోని ప్రత్యేక కోర్టు, విచారణ ఎదుర్కొన్న ఐదుగురినీ నిర్దోషులని విడిచిపెట్టింది.

ఒకే బాంబుకి రెండు పేర్లు పెట్టాం. రెండు పేర్ల కిందా జనం ఊరేగింపులు తీశారు, స్టూడియోల్లో గొంతులు చించుకున్నారు. నమాజుకని ఇంట్లోంచి బయల్దేరి తిరిగిరాని ఆ తొమ్మిది మందిని చంపినవాడు ఎవరన్నది మాత్రం తేలలేదు, ఎవరికీ శిక్ష పడలేదు. పేరు దొరికిందన్న తృప్తిలో మనిషిని వెతకడం వెనకబడిపోయిందని నేను నమ్ముతాను.

అప్పుడు విడుదలైన కుర్రాళ్ళలో కొందరికి ప్రభుత్వం పరిహారం ప్రకటించింది. ఆ పరిహారాన్ని తర్వాత హైకోర్టు కొట్టేసింది. పరిహారంతో పాటు ఒక కాగితం కూడా ఇచ్చారు, మంచి నడవడి పత్రం. పిల్లలూ, ఇవాళ మీ చేతికొచ్చే పట్టా మీరు ఏం చదివారో చెబుతుంది. వాళ్ళ చేతికొచ్చిన కాగితం వాళ్ళు ఏం కారో చెప్పింది. మీ వయసులో అలాంటి కాగితం ఫైల్లో పెట్టుకుని ఇంటర్వ్యూకి వెళ్ళి, దాన్ని బయటికి తియ్యాలా వద్దా అని వరండాలో కూర్చుని ఆలోచించేవాణ్ణి ఒక్క నిమిషం తలుచుకోండి.

అలాగని ఈ మాటలన్నీ అబద్ధాలనీ, ఉగ్రవాదమే లేదనీ చెప్పడానికి నేను రాలేదు. 2013 ఫిబ్రవరి 21 సాయంత్రం దిల్‌సుఖ్‌నగర్‌లో బస్సుల కోసం, టిఫిన్ కోసం నిలబడ్డ జనం మధ్య రెండు బాంబులు పేలి 18 మంది చచ్చిపోయారు. 2016 డిసెంబరులో ప్రత్యేక కోర్టు ఇండియన్ ముజాహిదీన్‌కి చెందిన ఐదుగురిని దోషులుగా తేల్చి ఉరిశిక్ష వేసింది. 2025 ఏప్రిల్‌లో హైకోర్టు ఆ తీర్పుని సమర్థించింది. అక్కడ 'ఉగ్రవాదులు' అంటే నాకు అభ్యంతరం లేదు. ఆ మాట వెనక క్రియలున్నాయి. బాంబులు తయారుచేశారు, సైకిళ్ళకి కట్టారు, జనంలో వదిలారు, పేల్చారు. ఒక్కో క్రియకీ సాక్ష్యం చూపించారు. మక్కా మసీదు కేసులో మనకి లేనిది అదే.

మన నేల మీద ఇలాంటి పేర్లన్నిటికంటే బరువైనది 'రజాకార్'. ఉర్దూలో ఆ మాటకి అర్థం స్వచ్ఛందంగా పనిచేసేవాడు అని. ఇవాళ మీలో ఎన్‌ఎస్‌ఎస్‌లో చేసినవాళ్ళంతా ఆ అర్థంలో రజాకార్లే. నిజాం పాలన చివరి రోజుల్లో ఖాసిం రజ్వీ దళాలు ఆ మాటని నెత్తుట్లో ముంచాయి. 1948 ఆగస్టు 27న బైరాన్‌పల్లి మీద పడి ఊరివాళ్ళని వరసగా నిలబెట్టి కాల్చారు. వాళ్ళని ఎదుర్కోవడానికి ఊరు నమ్ముకున్న బురుజు ఇప్పటికీ అక్కడ నిలబడే ఉంది, వెళ్ళి చూడండి. అంతకు కొద్దిరోజుల ముందే హైదరాబాదులో 'ఇమ్రోజ్' సంపాదకుడు షోయబుల్లా ఖాన్‌ని ఇంటికి వెళ్ళే దారిలో చంపారు. సంస్థానం భారత యూనియన్‌లో కలవాలని రాయడమే ఆయన చేసిన తప్పు. రాసే చేతిని నరికారు. ఆయన ముస్లిం. రజాకార్లకి ఎదురు నిలిచి, ప్రాణం పోయేదాకా కలం కింద పెట్టని ముస్లిం.

సెప్టెంబరు 17న నిజాం లొంగిపోయాడు. ఆ తర్వాతి వారాల్లో రజాకార్ అన్న మాట ఒళ్ళు పెంచుకుంది. చంపినవాడిని విడిచిపెట్టి, చంపినవాడి మతంలో పుట్టిన ప్రతివాడి మీదికీ పోయింది. ఉస్మానాబాద్, గుల్బర్గా, బీదర్, నాందేడ్ జిల్లాల్లో కూలీలు, చిన్న వర్తకులు, ఆడవాళ్ళు దానికి బలయ్యారు. నెహ్రూ పంపిన సుందర్‌లాల్ బృందం తిరిగి చూసి, చనిపోయినవాళ్ళు 27 వేల నుంచి 40 వేల దాకా ఉంటారని అంచనా వేసింది. ఆ నివేదికని దశాబ్దాల పాటు బయటికి రానివ్వలేదు. బైరాన్‌పల్లి గురించి చెప్పేవాళ్ళు దీని గురించి మాట్లాడరు, దీని గురించి చెప్పేవాళ్ళు బైరాన్‌పల్లి ఎత్తరు. రెండూ మనవే. రెంటికీ ఏడవలేనివాడు చరిత్ర చదివాడని నేను అనుకోను.

అదే మాట ఢాకాలో ఏం చేసిందో మీ కళ్ళ ముందే జరిగింది. 1971లో పాకిస్తాన్ సైన్యంతో కలిసి సొంత జనాన్ని చంపించిన దళాలకి అక్కడ ఆ పేరు. బంగ్లాదేశ్‌లో అంతకంటే అసహ్యమైన తిట్టు లేదు. 2024 జులై 14న, ఉద్యోగాల కోటా మీద విద్యార్థుల ఆందోళన గురించి విలేకరులు అడిగితే, స్వాతంత్ర్య యోధుల మనవలకి కాక రజాకార్ల మనవలకి ఇవ్వాలా అన్నారు అప్పటి ప్రధాని షేక్ హసీనా. ఆ రాత్రే ఢాకా యూనివర్సిటీ హాస్టళ్ళ గేట్లు దాటి మీ ఈడు పిల్లలు రోడ్డెక్కి, నువ్వెవరు నేనెవరు అంటే రజాకార్ రజాకార్ అని నినదించారు. ఆగస్టు 5న ఆమె దేశం విడిచి వెళ్ళారు. నన్ను బాధపెట్టేది ఇంకొకటి. 1971లో నిజంగా భర్తని, కొడుకుని పోగొట్టుకున్న ముసలమ్మ ఒకతె ఆ రాత్రి కిటికీలోంచి ఆ నినాదం వినే ఉంటుంది. ఉద్యోగం అడిగిన ప్రతివాడూ రజాకార్ అయితే, ఆమె తన వాళ్ళని చంపినవాణ్ణి ఏమని పిలవాలి?

మాటలు ఇలా చెడిపోవడం కొత్త కాదు. ఛందస్సు అంటే వేదం. ఛాందసుడు అంటే వేదం చదువుకున్నవాడు. ఒకప్పుడు అది గౌరవం, ఇప్పుడు వెటకారం. ఇంగ్లీషులో 'ఫండమెంటలిస్ట్' కథా అలాంటిదే. 1910 నుంచి 1915 దాకా అమెరికాలో ఒక చమురు వ్యాపారి డబ్బుతో 'ది ఫండమెంటల్స్' అని పన్నెండు సంపుటాలు అచ్చువేసి పాస్టర్లకి ఉచితంగా పంచారు. 1920లో కర్టిస్ లీ లాస్ అనే బాప్టిస్టు పత్రికా సంపాదకుడు, ఆ మూలసూత్రాల కోసం నిలబడేవాళ్ళం అని గర్వంగా తనవాళ్ళకి తానే పెట్టిన పేరది. ఇరాన్ విప్లవం తర్వాత ప్రపంచం దాన్ని ఎక్కువగా ముస్లింల మీద వాడటం మొదలుపెట్టింది.

కానీ నన్ను బాగా కుదిపింది ఎర్రగుడి. గుత్తికి దగ్గర్లో, కర్నూలు జిల్లాలో, అశోకుడి శాసనాలున్న బండలు. ఎండ నడినెత్తికి రాకముందే వెళ్ళాం. రాయి మీద వేళ్ళతో తడిమితే తగిలే అక్షరాలు. నాతో వచ్చిన శాసన పరిశోధకుడు ఒక చోట వేలు ఆనించి చదివాడు, 'పాసండ'. అదే మన 'పాషండుడు'. మనకి అది వేదబాహ్యుణ్ణి, మత భ్రష్టుణ్ణి తిట్టే మాట. ఆ రాతి మీద మాత్రం ఏ మతశాఖకైనా అదే మాట, అందులో తక్కువ చేయడం లేదు. పైగా ఆ శాసనం చెప్పేదే నోటి అదుపు గురించి. సందర్భం లేకుండా తన శాఖని పొగుడుకోకు, ఎదుటివాళ్ళ శాఖని కించపరచకు, ఆ పని చేస్తే నీ శాఖకే చెరుపు అంటుంది. అశోకుడి బిరుదు 'దేవానాంప్రియుడు'. తర్వాతి కాలపు సంస్కృత వ్యాకర్తలు ఆ మాటకి మూర్ఖుడని అర్థం రాశారు. ఆ బండ ముందు నిలబడి, మనం ఎన్ని మాటల్ని పాడుచేశామో అనుకుంటే నాకు గొంతు పట్టేసింది. మతం అన్న మాటకే సంస్కృతంలో మొదటి అర్థం అభిప్రాయం. సమ్మతం, అభిమతం అన్న మాటల్లో అది ఇంకా బతికే ఉంది.

చట్టం ఈ చిక్కు విప్పుతుందనుకోకండి. ఉగ్రవాదం మీద సమగ్ర ఒప్పందం కావాలని 1996లో మన దేశమే ఐక్యరాజ్యసమితిలో ప్రతిపాదించింది. ఎవరు ఉగ్రవాది అన్న దగ్గరే దేశాలు ఆగిపోయాయి, ఇప్పటికీ కుదరలేదు. మన ఉపా చట్టం ఒకప్పుడు సంస్థల్నే ఉగ్రవాద జాబితాలో పెట్టేది. 2019 సవరణ తర్వాత, కోర్టులో నేరం రుజువు కాకముందే ఒక వ్యక్తిని కూడా ప్రభుత్వం ఆ జాబితాలో చేర్చొచ్చు. అది అవసరమేననేవాళ్ళ వాదన నాకు తెలుసు. నాకు మాత్రం ఆ అధికారం భయంగానే ఉంది. డెస్కులో అంతకంటే చాలా చిన్న అధికారంతో నేను చేసిన పని నాకు గుర్తుంది.

మీలో చాలామంది విమానం ఎక్కుతారు. 2017 ఫిబ్రవరి 22న కాన్సాస్ రాష్ట్రంలోని ఒలేతాలో, పని ముగించుకుని స్నేహితుడితో బార్‌లో కూర్చున్న మన హైదరాబాదు ఇంజినీరుని ఒకడు తుపాకీతో కాల్చి చంపాడు. ఇద్దరు ఇరానీలని కాల్చానని ఆ తర్వాత చెప్పుకున్నాడు. ఆ అబ్బాయి తెలుగువాడు. కాల్చినవాడికి అది అక్కర్లేదు. ఒంటి రంగు చూసి ఒక పేరు పెట్టేసుకున్నాడు. ఇక్కడ ఫ్యామిలీ గ్రూపుల్లో 'జిహాదీ' అనో 'సంఘీ' అనో మనం చులాగ్గా టైపు చేసేటప్పుడు, ఇంకెక్కడో మనకీ అలాంటి పేరు సిద్ధంగా ఉంటుంది.

మీరు హెచ్‌ఆర్‌లో కూర్చుని దరఖాస్తులు చూస్తారు. ఇల్లు అద్దెకిస్తారు. ఎస్సైలవుతారు, టీచర్లవుతారు. ఒకడి గురించి ఎవరో వచ్చి చెవిలో ఒక పేరు చెబుతారు. అప్పుడు ఒక్క ప్రశ్న వేయండి. వాడు ఏం చేశాడు? ఎప్పుడు, ఎక్కడ, చూసిందెవరు? జవాబుగా క్రియ వస్తే వినండి, భయపడకుండా ఆ నేరాన్ని దాని పేరుతోనే పిలవండి, మీ మతంవాడైనా సరే. మళ్ళీ ఒక నామవాచకమే వస్తే, మళ్ళీ అడగండి.

ఆ మెకానిక్ కొడుకు సంగతి చెప్పి కూర్చుంటాను. నాలుగేళ్ళ తర్వాత కోర్టు ఆ కుర్రాణ్ణి నిర్దోషి అంది. లోపలి పేజీలో సింగిల్ కాలమ్, ఆరు లైన్లు. అదీ నేనే దిద్దాను. పాత హెడ్డింగు నాదేనని అప్పటికి నాకు గుర్తు కూడా లేదు. వారం తర్వాత వాళ్ళ నాన్న ఆఫీసుకొచ్చాడు. గోళ్ళ సందుల్లో గ్రీజు. ప్లాస్టిక్ కవర్లోంచి రెండు కాగితాలు తీసి నా బల్ల మీద పరిచాడు. పాతది మడతల దగ్గర చిరిగిపోతే వెనక టేపు అంటించి ఉంది. తిట్టలేదు, గొంతు పెంచలేదు. జేబులోంచి కొలత టేపు తీసి పాత హెడ్డింగు మీద ఈ చివర నుంచి ఆ చివరకి పెట్టి చూపించాడు.

"ఇది ఇంతుంది సార్. ఇది కూడా ఇంతే వెయ్యండి. ఎక్కువ వద్దు."

ఎడిటర్ గారిని అడిగాను. జిల్లా ఎడిషన్‌లో మాత్రం, రెండు కాలమ్‌లకి ఒప్పుకున్నారు. అది అచ్చయిన రోజు పొద్దున్నే ఆ తండ్రి మా ఏజెంటు దగ్గర పన్నెండు కాపీలు కొన్నాడట. కూతురికి సంబంధాలు చూస్తున్నారు, ఇంటికి వచ్చినవాళ్ళకి ఇవ్వడానికి.